అమ్మ పుట్టిల్లు సోమశిల నీళ్లలో ఉంది

అమ్మ పెండ్లి 1980లో అయింది. మరుసటేడే ఆమె పుట్టిన ఊరిని ఖాళీ చేయించారు. శ్రీశైలం డ్యాం నీళ్లు వస్తాయన్నారు, వచ్చాయి. అందుకే నాకు చిన్నప్పుడు సెలవులకు అమ్మమ్మ ఊరికి పోవడమంటే కొల్లాపూర్ పక్కన రేకుల ఇంటికి పోవడమే. అసలు ఊరు ఎక్కడుందని అడిగితే తాత నది వైపు చెయ్యి చూపించేవాడు. పోయిన మే నెలలో అమ్మ తనంతట తానే అడిగింది: "బిడ్డా, నీళ్లు తగ్గినయంట. ఒక్కపారి తోల్కపో."

హైదరాబాద్‌లో పొద్దున్నే ఎక్స్‌ప్రెస్ ఎక్కి, ఇద్దరం ఆధార్ కార్డులు చూపించి, ఆడవాళ్లకు ఉచితంగా ఇచ్చే జీరో టికెట్లు తీసుకున్నాం. అమ్మ ఊరు మునిగింది కొల్లాపూర్ దగ్గర, కృష్ణ ఒడ్డున ఉన్న సోమశిల వైపు. ఆ సోమశిల కంటే ముందు ఆలంపురం చూడాలన్నది అమ్మ. చిన్నప్పుడు చూసిన సంగమేశ్వరుడు ఇప్పుడు అక్కడే ఉన్నాడని విన్నదట. చౌరస్తాలో దిగి ఆటో ఎక్కాం.

కృష్ణా, తుంగభద్రల మధ్య ఉన్న నేలను అక్కడివాళ్లు నడిగడ్డ అంటారు. తుంగభద్ర ఒడ్డున ఉన్నది ఆలంపురం. నవబ్రహ్మ ఆలయాలను బాదామి చాళుక్యులు కట్టించారు, 7వ శతాబ్దం నాటివి. బ్రహ్మల పేర్లు పెట్టినా లోపల ఉన్నది శివుడే. చాలావరకు మన వైపు గోపురాల్లా అంతస్తులు అంతస్తులుగా ఉండవు. ఉత్తరాది గుళ్ల మాదిరి శిఖరం వంపు తిరిగి పైకి పోయి, మీద ఉసిరికాయ ఆకారంలో రాయి కూర్చుని ఉంటుంది. స్వర్గబ్రహ్మ ఆలయం గోడల ముందు నేను చాలాసేపు నిలబడిపోయాను. బాలబ్రహ్మ గుడిలో ఇప్పటికీ పూజలు నడుస్తున్నాయి. ఈ ఊరి గుళ్లు, శాసనాల కోసం జీవితమంతా పాటుపడిన గడియారం రామకృష్ణ శర్మ గారి పేరు ఇక్కడికి వచ్చినవాళ్లందరూ తెలుసుకోవాలని నాకనిపిస్తుంది. ఊరు మునగకుండా నది వైపు గోడ కట్టారు. అంటే ఆలంపురం తన చోటనే మిగిలింది.

సంగమేశ్వరుడికి ఆ అదృష్టం దక్కలేదు. ఆ గుడి ఉండేది కూడవెల్లిలో, తుంగభద్ర కృష్ణలో కలిసేచోట. డ్యాం నిండకముందే పురావస్తు శాఖ వాళ్లు రాళ్లను ఒక్కొక్కటిగా విప్పి, ఆలంపురానికి తెచ్చి, అదే వరుసలో మళ్లీ పేర్చారు. ఎత్తయిన అరుగు, చుట్టూ ప్రాకారం. చెప్పకపోతే వేరేచోట నుంచి వచ్చిన గుడి అని ఎవరూ అనుకోరు. ఎంత ఓపికగా చేసిన పనో అది! ఆ పని చేసినవాళ్లకు దండం పెట్టాలి.

అమ్మ ప్రదక్షిణం చేయలేదు. ఒక మెట్టు దగ్గర ఆగి చేత్తో రాసి చూసింది.

"శివరాత్రికి బండి కట్టుకొని వచ్చినం. మా నాయన నన్ను మెట్ల మీద గూసోబెట్టి బొరుగులు పెట్టిండు. అప్పుడు ఈడికెళ్లి జూస్తే రెండు నదులు అవుపడుతుండె."

కాసేపాగి, "రాళ్లకు నంబర్లేసి తెచ్చిండ్రంట గద. మా ఇంటికి గూడ నంబరేసిండ్రు బిడ్డా, కూలగొట్టెతందుకు" అన్నది.

నాకు ఏం మాట్లాడాలో తెలియలేదు. 1963లో నెహ్రూ శంకుస్థాపన చేసిన ప్రాజెక్టు శ్రీశైలం. నీళ్లు నిండేసరికి కృష్ణకు రెండు దిక్కులా 100 దాకా ఊళ్లు మునిగాయి, లక్ష మందికి పైగా జనం ఇల్లూ భూమీ విడిచారు. తాత వాళ్లు తలుపులు, దూలాలు, వాసాలు ఊడదీసి బండ్ల మీద వేసుకొని వచ్చారు. రేకుల ఇంటికి ఉన్న ఆ చెక్కిన టేకు దర్వాజా ఎక్కడిదో నాకు చాలా ఏళ్ల తర్వాత అర్థమైంది. 1986లో జీవో 98 వచ్చింది, ముంపు కుటుంబంలో ఒకరికి ఉద్యోగం ఇస్తామని. మా మేనమామ కాగితాలు పట్టుకొని ఆఫీసుల చుట్టూ తిరిగి తిరిగి వయసు దాటిపోయి, పూణెలో మేస్త్రీ పని చేశాడు. పాలమూరు లేబర్ అని దేశమంతా పిలిచిన ఆ మనుషుల్లో ఇట్లా నదికి భూమి ఇచ్చి వచ్చినవాళ్లు ఎందరో. కరువు ఒక్కటే వాళ్లను పంపించలేదు.

పెబ్బేరు మీదుగా కొల్లాపూర్ చేరేసరికి సాయంత్రమైంది. రాత్రి మామ ఇంట్లో జొన్నరొట్టె, పచ్చిపులుసు. తెల్లారి ఊర్లోని మాధవస్వామి గుడికి పోయాం. అదీ మంచాలకట్ట నుంచి ముంపుకు ముందు తెచ్చిందే. జటప్రోలులోనూ, సోమశిలలోనూ అదే కథ. ఈ దిక్కు గుళ్లు చూస్తూ పోతే మునిగిన ఊళ్ల పేర్లు ఒక్కొక్కటే తెలుస్తాయి. మనుషుల కోసం అటువంటి ఆనవాలు ఎక్కడా పెట్టలేదు. నాకు కోపం వచ్చింది, ఇప్పటికీ ఉంది. ఎల్లూరు దగ్గర ఇదే నీటిని పంపులతో ఎత్తి కల్వకుర్తి దాకా పంపుతున్నారు, మంచిదే. కానీ ఊళ్లు మునిగిన 30 ఏళ్ల తర్వాత గానీ ఆ నీళ్లు ఈ జిల్లా చేన్లలోకి రాలేదు.

సోమశిలలో నీళ్లు నిజంగానే బాగా దిగిపోయాయి. ఒడ్డు పొడుగునా నెర్రెలిచ్చిన ఒండ్రు. నీళ్లు వెనక్కి పోయినచోట రైతులు వేరుశనగ వేసి పీకిన చాళ్లు కనబడుతున్నాయి. మునిగిన భూమిలోనే మళ్లీ నాలుగు నెలల పంట! మామ ఒక తెలిసిన పడవ మాట్లాడాడు. అమ్మ ముందు కూర్చున్నది. నల్లమల కొండల వంపులు చూసి దారి చెప్పింది: "ఆ గుట్ట నెత్తి మీద రెండు బండలున్నయి జూడు, దానికి ఎదురుంగ మా వాగు. వాగు దాటితే చింతల తోపు."

ఒకచోట పడవ నడిపే అబ్బాయి తెడ్డు ఆపాడు.

"ఇంకా ముందుకు పోరాదమ్మా. అడుగున గోడలుంటయ్, పడవకు తగుల్తయ్."

అమ్మ వంగి నీళ్లలోకి చూసింది. మట్టి రంగు తప్ప ఏమీ కనబడటం లేదు.

"ఏ దిక్కుకున్నయి గోడలు?" అని అడిగింది.

అతను ఎడమ పక్కకు చూపించాడు. అమ్మ లేచి నిలబడబోతే మామ చెయ్యి పట్టుకున్నాడు.

"గట్లయితే అది కోమటోళ్ల ఇల్లు," అన్నది అమ్మ. "మనది దాని వెనుక సందుల."