మా తాత ఓటు, పొన్నూరు బస్సు

గుంటూరు నుంచి బాపట్ల వెళ్లాలి, ఫ్రెండ్ పెళ్లి. పెళ్లి గురించి పెద్దగా చెప్పడానికేం లేదు. బస్సు గురించే చెప్పాలి. ఎండలో అరగంట కదల్లేదు, ఈలోగా స్టాండులో వాటర్ బాటిల్ మీద ఐదు రూపాయలు ఎక్కువ లాగారు, అడిగితే చల్లబెట్టినందుకట.

నారాకోడూరు దాటాక పక్క సీట్లోకి పంచె కట్టుకున్న ఓ పెద్దాయన వచ్చారు. "మనది ఏ ఊరు బాబూ?" అన్నారు. శ్రీకాకుళం అనగానే ఆయన ముఖం వెలిగిపోయింది. "మా రంగా గారిని గెలిపించినోళ్లు మీరే గదయ్యా!"

నాకు రంగా అంటే ఆచార్య ఎన్.జి. రంగా వ్యవసాయ యూనివర్సిటీయే. పెళ్లికొడుకు చదివిన బాపట్ల అగ్రికల్చర్ కాలేజీ దాని కిందిదే. ఆ పేరు వెనక నిడుబ్రోలులో 1900లో పుట్టి, ఆక్స్‌ఫర్డ్‌లో ఎకనామిక్స్ చదివి, మద్రాసు పచ్చయ్యప్ప కాలేజీలో పాఠాలు చెప్పిన మనిషి ఉన్నాడని ఎప్పుడో ఎక్కడో చదివాను, అంతే. ప్రొఫెసర్‌గిరీ వదిలి 1930లో ఢిల్లీలోని కేంద్ర శాసనసభకి వెళ్లిన ఆయన, మధ్యలో కొన్ని విరామాలు తప్పితే 1991 దాకా చట్టసభల్లోనే ఉన్నారు. పెద్దాయన ఇదంతా సొంత మేనమామ కథలా చెప్పుకుపోయారు. నెహ్రూ ఉమ్మడి వ్యవసాయం అన్నందుకు కాంగ్రెస్ వదిలి 1959లో రాజాజీతో కలిసి స్వతంత్ర పార్టీ పెట్టడం, 1962లో తెనాలిలో ఓడిపోవడం, చిత్తూరు ఉప ఎన్నికలో గెలవడం, 1967లో శ్రీకాకుళం. ఆ ఏడాది లోక్‌సభలో స్వతంత్ర పార్టీకి 44 సీట్లు.

సొంత జిల్లా వద్దన్న మనిషిని మావాళ్లు ఎందుకు నెత్తిన పెట్టుకున్నారా అని తాతకి ఫోన్ చేశాను. "సర్దార్ చెప్పాడు, నక్షత్రం గుర్తుకి వేసీసాం" అన్నాడు తాత. సర్దార్ అంటే గౌతు లచ్చన్న, రంగా గారి శిష్యుడు. మా వైపు ఆయన మాటకి అంత విలువ. ఫోన్ పెద్దాయన చేతికిచ్చాను, అదే కొంప ముంచింది. చేబ్రోలు వచ్చేదాకా ఇద్దరూ వదల్లేదు. ఒకరు కొబ్బరి ధర, ఒకరు మినుము ధర, మధ్యలో 1967. నా బ్యాటరీ పన్నెండు శాతానికి దిగింది.

ఫోన్ తిరిగి తీసుకున్నాక కాస్త చిరాగ్గానే అడిగాను, కాంగ్రెస్‌ని అంతలా తిట్టి మళ్లీ అందులోకే ఎలా వెళ్లాడండీ అని. పెద్దాయనకి కోపం వచ్చింది. "పార్టీ మారాడు, రైతు మాట మార్చాడా? ఎన్టీఆర్ గాలిలో కూడా, 84లో, గుంటూరులో కాంగ్రెస్ టికెట్ మీద గెలిచాడయ్యా!" నిజమే, రాష్ట్రంలో కాంగ్రెస్‌కి దక్కినవే ఆరు ఎంపీ సీట్లు. 89లోనూ ఆయనే, అప్పటికి తొంభైకి దగ్గర.

మీకెన్ని ఎకరాలండీ అన్నాను. సొంతం అర, కౌలు మూడు. ఆ మూడెకరాల ఆసామి హైదరాబాద్‌లో ఉంటాడు, కొడుకు అమెరికా. పంట పోయినా కౌలు కట్టాల్సిందే, నష్టపరిహారం వస్తే మాత్రం పట్టా ఉన్నోడి అకౌంట్లో పడుతుంది. జమీందార్ల మీద రైతుల్ని నిలబెట్టిన రంగా గారు, రైతు పొలం రైతు చేతిలోనే ఉండాలని సొంత కమతం కోసం అంత పోట్లాడారు. ఆ కమతం ఇప్పుడు కాగితం మీద ఒకరిది, బురదలో ఇంకొకరిది. ఈ లెక్కకి ఆయన ఎకనామిక్స్‌లో జవాబుందా అని నాకు అనుమానం. పెద్దాయన్ని అడిగితే, "అది వేరే సంగతిలే" అని కిటికీ వైపు తిరిగారు.

పొన్నూరులో ఆయనతోపాటే దిగాను. నిడుబ్రోలు పక్కనే కదా, రంగా గారి రైతు విద్యాలయం ఉన్న చోటు చూద్దామని. ఆటో కుర్రాడు "ఆంజనేయస్వామి గుడికేనా అన్నా?" అన్నాడు. కాదు, రంగా గారి స్కూలు అన్నా. "వంద" అన్నాడు. ఎక్కడో తెలుసా అంటే తెలీదు, తిప్పుతా అన్నాడు. పెద్దాయనే వాణ్ని నాలుగు తిట్టి నన్ను తర్వాతి బస్సెక్కించారు. బాపట్ల దాకా నిలబడే వెళ్లాను, తలంబ్రాలు అయిపోయాయి, గోంగూర మాత్రం దొరికింది.