అల్వాల్‌లో బడి, కువైట్‌లో అమ్మ

హోమ్‌స్కూల్, అంటే పిల్లల్ని బడికి పంపకుండా ఇంట్లోనే చదివించడం, మొదలుపెట్టాలనుకునే క్రైస్తవ కుటుంబాలు ముందుగా అడిగేది "ఏ సిలబస్ మంచిది?" అని. ఒక్కరే బిడ్డ అయితే ఆ ప్రశ్న చాలు. నలుగురున్న ఇంట్లో అంతకంటే ముందు తేల్చుకోవాల్సింది ఒకటుంది. పొద్దున లేచింది మొదలు ఆ నలుగురి దగ్గర కూర్చునేది ఎవరు, ఆ మనిషి ఓపిక ఏ పూట దాకా నిలుస్తుంది? మా ఇంట్లో ఆ మనిషి మా ఆయన. ఇల్లు అల్వాల్‌లో. నేను కువైట్‌లో ఒక ఆస్పత్రిలో స్టాఫ్ నర్సుని. ఇలా ఒకరు అక్కడ, ఒకరు ఇక్కడ ఉండే ఇళ్లు మన తెలుగువాళ్లలో తక్కువేం కాదు. అందుకే మేం ఏం చూసి ఎంచుకున్నామో వివరంగా రాస్తున్నాను.

పిల్లలు మొదట్లో నాతోనే ఉండేవాళ్లు. ఇద్దరున్నంత కాలం ఇండియన్ స్కూల్ ఫీజులు ఎలాగో నెట్టుకొచ్చాం. మూడోది, చిన్నోడు వచ్చాక అద్దె, ఫీజులు, స్కూలు బస్సు కలిపితే జీతం నెల మధ్యకే ఖాళీ. దాచుకోవడానికి ఏమీ మిగలకపోతే గల్ఫ్‌లో ఉండి ఏం లాభం? చివరికి మా ఆయన పిల్లల్ని తీసుకుని హైదరాబాద్ వెళ్లిపోయారు, నేను హాస్టల్‌కి మారాను. ఆయన పెళ్లికి ముందు ఒక హైస్కూల్లో లెక్కల మాస్టారు. ఇప్పుడు నా జీతంతో ఇల్లు నడుస్తుంది, పిల్లల్ని ఆయన చూసుకుంటారు. చుట్టాల్లో కొందరికి ఇది ఇప్పటికీ మింగుడు పడలేదు.

హైదరాబాద్ వెళ్లాక అందరిలాగే స్కూల్లో వేశాం. పెద్దదానికి ఆరో తరగతి నుంచే ఫౌండేషన్ క్లాసులు, ర్యాంకులు, వీకెండ్ టెస్టులు. ఆదివారం టెస్టు పెడితే ఆరాధన పోయేది. రెండోవాడు ఇంగ్లిష్ పేరా గడగడా చదివేవాడు, ఏం చదివావురా అంటే మాత్రం నోరు మెదిపేవాడు కాదు. నాకు ఎక్కువ టెన్షన్ పెట్టింది వాడి సంగతే. రాత్రి ఫోన్లో "ఈ రోజు ఏం చెప్పారు నాన్నా?" అంటే "పేజీ నలభై రెండు" అనేవాడు. చివరికి బడి మాన్పించి ఇంట్లోనే చదివిద్దామనుకున్నాం.

మా ఆయన పద్ధతి మనిషి. పుస్తకాల మాట ఎత్తకముందు పరీక్ష ఏ బోర్డులో రాయాలో తేల్చాలన్నారు. విద్యాహక్కు చట్టం 2009లో వచ్చింది, 2010 ఏప్రిల్ 1 నుంచి అమల్లో ఉంది. ఆరు నుంచి పద్నాలుగేళ్ల పిల్లల చదువు బాధ్యత ప్రభుత్వం మీద పెట్టిన చట్టం అది. ఇంట్లో చదివించడం నేరమని అందులో లేదు, దానికంటూ వేరే నియమాలూ లేవు. పదో తరగతికి వచ్చేసరికి మాత్రం గుర్తింపు ఉన్న బోర్డు మెమో కావాలి. అమెరికా సిలబస్ ఏది కొన్నా ఆ అవసరం తీరదు. మాకు దారి చూపింది ఎన్‌ఐఓఎస్, అంటే 1989లో మొదలైన జాతీయ ఓపెన్ స్కూల్. పద్నాలుగేళ్లు నిండితే అందులో పదో తరగతి పరీక్షకు కట్టొచ్చు, తెలుగు మీడియంలో కూడా రాయొచ్చు. అంతకంటే చిన్నవాళ్లకి మూడు, అయిదు, ఎనిమిది తరగతులతో సమానంగా ఏ, బీ, సీ అని మూడు స్థాయిలు పెట్టారు. ఓపెన్ స్కూల్‌లో చదివితే నీట్ రాయనివ్వరని చాలామంది భయపెడతారు. 2018లో అలాంటి నిబంధన వచ్చిన మాట నిజమే, అదే ఏడాది ఢిల్లీ హైకోర్టు దాన్ని కొట్టేసింది. ఈ సంగతి తెలిశాకే మాకు గుండె నిబ్బరం వచ్చింది.

ఇక సిలబస్. మా వార్డులో ఒక ఫిలిప్పీన్స్ సిస్టర్ తన పిల్లలు చదివిన పేస్ పుస్తకం తెచ్చి చూపించింది. అది యాక్సిలరేటెడ్ క్రిస్టియన్ ఎడ్యుకేషన్ వాళ్లది, 1970లో టెక్సస్‌లో మొదలైన పద్ధతి. ఒక్కో సబ్జెక్టులో ఏడాది పాఠాన్ని పన్నెండు చిన్న పుస్తకాలుగా విడగొడతారు. రోజుకు ఎన్ని పేజీలు చేయాలో పిల్లవాడే రాసుకుంటాడు, చేశాక జవాబుల పుస్తకం చూసి తనే దిద్దుకుంటాడు. చివరి టెస్టులో 80 శాతం వస్తేనే తర్వాతి పుస్తకం. మొదట్లో పెట్టే డయాగ్నస్టిక్ టెస్టు నాకు చాలా నచ్చింది. పిల్లవాడు ఏ తరగతిలో ఉన్నాడన్నది పక్కన పెట్టి, ఎక్కడెక్కడ కన్నాలున్నాయో చెబుతుంది. ఒక్క పెద్దమనిషి, నలుగురు పిల్లలు ఉన్న ఇంటికి ఇంతకంటే సులువైనది లేదు. కానీ మా రెండోవాడికి ఇచ్చి చూస్తే, ఖాళీలో పెట్టాల్సిన మాట కోసం పై పేరాలోకి తొంగిచూసి, అదే మాట ఎత్తి కింద దించేసేవాడు. మార్కులు 80 దాటేవి. పాఠం వాడిలోకి దిగేది కాదు. తనంతట తాను ఆలోచించి రాసే బిడ్డ ఉంటే తీసుకోండి, మా వాడికి అది మందు కాదు.

అబెకా అనే సిలబస్ కూడా చూశాం. ఫ్లోరిడాలోని పెన్సకోలాలో 1972లో మొదలైంది. చిన్నపిల్లలకి అక్షరాలు, శబ్దాలు నేర్పడంలో దానంత వరసైనది మేం చూసినవాటిలో లేదు. చిక్కల్లా, ప్రతి తరగతికీ ప్రతి సబ్జెక్టూ వేరే. అయిదు సబ్జెక్టులు, నలుగురు పిల్లలు అంటే రోజుకు ఇరవై పాఠాలు. చెప్పేది ఒక్క మనిషి. మధ్యలో వంట కూడా ఆయనదే. పైగా వర్క్‌బుక్‌లో అక్క రాసేశాక అది తమ్ముడికి పనికిరాదు, మళ్లీ కొనాలి. పిల్లలు ఎక్కువున్న ఇల్లు ఏ సిలబస్ చూసినా ముందు ఈ లెక్క వేసుకోవాలి. ఏ పుస్తకం కింది బిడ్డకి దిగుతుంది, ఏది ఒక్కరితోనే అయిపోతుంది?

మాకు కుదిరింది కలిపి చెప్పే పద్ధతి. 1990లో మొదలైన సోన్‌లైట్ ఇలాంటిదే, మంచి కథల పుస్తకాలు కలిసి చదువుతూ చరిత్ర, బైబిలు నేర్పుతారు. ఆ పుస్తకాల పెట్టె అమెరికా నుంచి తెప్పించే ఖర్చు మాత్రం మా వల్ల కాలేదు. మై ఫాదర్స్ వరల్డ్ అనే దాంట్లో చిన్న తరగతుల నుంచి ఎనిమిదో తరగతి దాకా బైబిలు, చరిత్ర, సైన్సు అందరూ ఒకే బల్ల దగ్గర చదువుతారు. లెక్కలు, భాష మాత్రం ఎవరి స్థాయి వారిది. అయిదేళ్ల చక్రం అది. ఒక ఏడాది ప్రపంచ దేశాలు, తర్వాత సృష్టి నుంచి గ్రీకుల దాకా, ఆపైన రోము నుంచి సంఘ సంస్కరణ దాకా, చివరి రెండేళ్లు ఎక్కువగా అమెరికా చరిత్ర. కువైట్‌లో మా చర్చిలో ఒక అమెరికన్ కుటుంబం దేశం విడిచి వెళ్తూ టీచర్ పుస్తకాలు చవగ్గా ఇచ్చేసింది. ఆ ఏడాది ఇంటికి తెచ్చిన సూట్‌కేసులో నిడో పాలపొడి డబ్బాలకు, టాంగ్‌కు చోటు లేదు. ఇంట్లో ఎవరూ అడగలేదు కూడా.

ఈ పద్ధతిలో నాకు దొరికిన చోటు గురించి చెప్పాలి, ఎందుకంటే దూరాన ఉన్న అమ్మకైనా నాన్నకైనా ఇదే ముఖ్యం. ఇంగ్లండ్‌కు చెందిన షార్లెట్ మేసన్ (1842–1923) అనే ఆమె చెప్పిన విధానం ఒకటుంది. పాఠం ఒక్కసారే చదువుతారు, వెంటనే పిల్లవాడు తన మాటల్లో తిరిగి చెప్పాలి. ప్రశ్నలుండవు, ఖాళీలుండవు. నేను నైట్ డ్యూటీ ఉదయం ఏడింటికి దిగుతాను. హ్యాండోవర్ ఇచ్చి, బస్సెక్కి గదికి చేరేసరికి ఎనిమిది. హైదరాబాద్‌లో అప్పుడు పదిన్నర, మా ఆయన చరిత్ర చదవడం అప్పుడే ముగించి ఉంటారు. ఫోను నీళ్ల బాటిల్‌కి ఆనించి నిలబెడతారు. నా దగ్గర పుస్తకం ఉండదు. ఏం చదివారో నాకు నిజంగానే తెలియదు. అది పిల్లలకీ తెలుసు, కాబట్టి పరీక్షకి ఒప్పజెప్పినట్టు కాకుండా, తెలియని మనిషికి చెప్పినట్టు చెబుతారు. చిన్నోడిది మొదటి వంతు. పెద్దవాళ్లు ముందు చెప్పేస్తే వాడికి ఏమీ మిగలదు. వాడు ఒంటె గురించో, గుడారం గురించో ఒక ముక్క చెబుతాడు. మూడోది వరస తప్పకుండా చెబుతుంది. పెద్దది ఎందుకు జరిగిందో కలుపుతుంది.

అబ్రాహాము పాఠం రోజు రెండోవాడి వంతు వచ్చింది. అబ్రాహాము బయల్దేరిన కల్దీయుల ఊర్ పట్టణం ఇరాక్‌లో ఉందని, కువైట్ నుంచి ఉత్తరాన సరిహద్దు దాటితే అటువైపేనని నేనే చెప్పాను. మ్యాప్‌లో వేలు పెట్టి చూశాడు. కాసేపు ఆగి, "అబ్రాహాము శారాని, లోతుని అందర్నీ తీసుకెళ్లాడమ్మా. నువ్వెందుకు తీసుకెళ్లలేదు?" అన్నాడు. పేజీ నంబరు తప్ప ఏమీ చెప్పని పిల్లవాడు వాడు. ఇల్లు, ఫీజులు, జీతం, అన్నీ ఉన్నది ఉన్నట్టు చెప్పాను. విన్నాడు. "సరే, అయితే మిగతాది విను" అని పాఠం పూర్తిచేశాడు. ఆ రోజు పగలు నిద్ర పట్టలేదు. అయినా ఆ ప్రశ్న నన్ను అడిగే పిల్లవాడే నాకు కావాలి.

అమెరికా పుస్తకాలని ఉన్నవి ఉన్నట్టు వాడటం కుదరదు. లెక్కలు మొత్తం కేంద్ర ప్రభుత్వ సంస్థ ఎన్‌సీఈఆర్‌టీ పుస్తకాలకి మార్చేశాం. డైములు, క్వార్టర్లు అనే అమెరికా నాణేలు, పౌండ్లు, అడుగులు నేర్చుకుని మా మూడోది అల్వాల్ రైతు బజార్లో ఏం చేస్తుంది? లక్ష రాయమంటే కామా ఎక్కడ పెట్టాలన్నది కూడా తేడాయే. ఎన్‌సీఈఆర్‌టీ పుస్తకాలు చవక, డౌన్‌లోడ్ అయితే ఉచితం. చిన్నోడికి అబెకా శబ్దాల పుస్తకం ఒక్కటీ తీసుకున్నాం. తెలుగు బాధ్యత మా అత్తయ్యగారిది. బడి మాన్పించారని మొదట ఆవిడే ఎక్కువ బాధపడ్డారు. ఇప్పుడు రోజూ సాయంత్రం తెలుగు బైబిలు ముందు పెట్టుకుని ఒక్కో వచనం ఒక్కొక్కరితో చదివిస్తారు. కంఠత వాక్యం అప్పజెప్పందే టిఫిన్ పెట్టరు. 23వ కీర్తన చిన్నోడికి తెలుగులోనే ముందు వచ్చింది.

చరిత్రలో అమెరికా ఏళ్లు వచ్చినప్పుడు సగం తీసేసి మన చరిత్ర పెట్టుకున్నాం. సముద్రం దాటి అమెరికా చేరిన యాత్రికుల గురించి మన పిల్లలకి కొంత తెలిస్తే చాలు. 1876–78 కరువులో బకింగ్‌హామ్ కాలువ పనులు పెట్టించి జనానికి కూలి దొరికేలా చూసిన ఒంగోలు మిషనరీ క్లౌ దొర గురించి, 1878 జూలై 3న ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందడం గురించి తెలియకపోతే ఎలా? 1912లో దోర్నకల్ బిషప్ అయిన అజరయ్య గారు ఆంగ్లికన్ సంఘంలో తొలి భారతీయ బిషప్. మెదక్ చర్చికి అందరూ కలిసి వెళ్లొచ్చారు. 1914లో మొదలై 1924 క్రిస్మస్‌కి ప్రతిష్ఠ జరిగిన ఆ కట్టడం కరువు రోజుల్లో ఎంతోమందికి అన్నం పెట్టింది. రంగు అద్దాల కిటికీల దగ్గర నిలబడి రెండోవాడు ఫోన్ చేశాడు. బయటి వెలుగు పడితేనే బొమ్మ కనిపిస్తుందమ్మా, రాత్రి ఏమీ ఉండదట అని అడక్కుండానే పది నిమిషాలు చెప్పాడు. బదులుగా నేను కువైట్ సిటీలో సముద్రం ఒడ్డునున్న పాత అమెరికన్ మిషన్ ఆస్పత్రి ఫొటోలు పంపాను. ఇప్పుడది సాంస్కృతిక కేంద్రం. నర్సుగా ఆ గోడల పక్కన నడుస్తుంటే నాకు గర్వంగా ఉంటుంది.

సైన్సు గురించి ఒక మాట గట్టిగా చెప్పాలి. అమెరికన్ క్రైస్తవ సిలబస్‌లలో చాలావాటిలో భూమి వయసు కొన్ని వేల ఏళ్లేనని రాసి ఉంటుంది. శాస్త్రం చెప్పేది దాదాపు 450 కోట్ల ఏళ్లు. ఎన్‌ఐఓఎస్ ఇంటర్ బయాలజీలో పరిణామ సిద్ధాంతం ఉంది, నీట్‌లోనూ వస్తుంది. మా ఇంట్లో పాఠం దాచిపెట్టం. దేవుడే సృష్టికర్త అని నమ్ముతూ జీవశాస్త్రం మొత్తం ఒప్పుకునే విశ్వాసులు ఉన్నారు. మానవ జీనోమ్ ప్రాజెక్టును నడిపించిన ఫ్రాన్సిస్ కాలిన్స్ అలాంటివాడే. బిడ్డ ఈ సంగతి కాలేజీలో తొలిసారి విని, విశ్వాసమా చదువా అని నలిగిపోకూడదు. ఇంట్లో, అమ్మానాన్నల దగ్గరే వినాలి.

పెద్దదానికి వచ్చే ఏడాది పద్నాలుగు నిండుతాయి. ఎన్‌ఐఓఎస్‌లో అయిదు సబ్జెక్టులు ఎంచుకోవాలి. తెలుగు, ఇంగ్లిష్, లెక్కలు, సైన్సు ఖాయం. అయిదోది దానికి పెయింటింగ్ కావాలి, వాళ్ల నాన్న ఎకనామిక్స్ అంటున్నారు, అత్తయ్యగారు హోమ్ సైన్స్ అంటున్నారు. నా మొగ్గు పెద్దదాని వైపే. జూన్‌లో సెలవు మీద వెళ్తున్నాను, అప్పుడు అందరం కూర్చుని తేలుస్తాం. ఈలోగా ఆ మూడు సబ్జెక్టుల పాత ప్రశ్నపత్రాలూ తెప్పించి ఉంచమని మా ఆయనకు చెప్పాను.