గ్రిగోర్ వచ్కోవ్: పక్క పాత్రతో నిలిచిన నటుడు

చిత్తూరు నాగయ్య కళాక్షేత్రంలోనో, తిరుపతి మహతిలోనో నాటకాలు వేస్తూ ఇప్పుడు సినిమా క్యారెక్టర్ వేషాల కోసం చూస్తున్నవాళ్లకు ఒక బల్గేరియా నటుడి పేరు చెప్పాలి. గ్రిగోర్ వచ్కోవ్. 1932లో త్రంచోవిత్స అనే పల్లెలో పుట్టాడు. సోఫియాలోని శాటిరికల్ థియేటర్‌లో నాటకాలు ఆడాడు. 1969లో మొదలైన ‘నా వ్సెకి కిలోమెటర్’ టీవీ సీరియల్ మొత్తం 26 భాగాలు. అందులో హీరో స్టెఫాన్ దనాయిలోవ్. వచ్కోవ్‌ది హీరో వెంట ఉండే మిత్కో బొంబాతా వేషం. జనం ఆ మిత్కోను కూడా గుండెల్లో పెట్టుకున్నారు. తర్వాత 1974లో ‘పొస్లెద్నో ల్యాతొ’లో, ఊరు రిజర్వాయరు కింద మునుగుతున్నా కదలనన్న మనిషిగా ప్రధాన పాత్ర. 1977లో ‘మఝ్కి వ్రెమెనా’లో, కూలి తీసుకుని వేరొకడి కోసం అమ్మాయిని ఎత్తుకొచ్చే బాంకో. 1980లో, 47 ఏళ్లకే పోయాడు.

ఆయన పని చూసేటప్పుడు డైలాగు చెప్పే చోట కన్నా ఎదుటివాడి మాట వినే చోట కన్నేయండి. పక్క పాత్రకు మాట తక్కువ, వినడం ఎక్కువ. స్టేజీ మీద మన వంతు వచ్చేదాకా ఊరికే నిలబడినా చెల్లుతుంది. సినిమాలో చెల్లదు. హీరో మాట్లాడుతుండగా ఎడిటర్ మన మొహం మీదికి కట్ చేస్తాడు. అక్కడ ‘నా డైలాగు ఎప్పుడా’ అన్న ఎదురుచూపు కనిపిస్తే ఆ షాట్ పోతుంది, దాంతో మన వేషం సగం పోతుంది.

రెండోది కంటిన్యుటీ. ఒకే సీను ముందు దూరం నుంచి వైడ్‌లో, తర్వాత నడుము దాకా మిడ్‌లో, మొహం నిండేలా క్లోజ్‌లో తీస్తారు. కాఫీ గ్లాసు ఏ మాట దగ్గర ఎత్తామో, ఏ చేత్తో ఎత్తామో అన్నిట్లోనూ అదే ఉండాలి. తేడా వస్తే షాట్లు అతకవు, హీరోది ఉంచి మనది తీసేస్తారు. అందుకే మొదటి రిహార్సల్‌లో చేతిపని తక్కువ పెట్టుకోండి: ఒకటి, మహా అయితే రెండు. భోజనం సీనైతే చిన్న ముద్దలే, ఎందుకంటే అదే అన్నం పది టేకులు తినాల్సి రావచ్చు.

గొంతు సంగతి పద్యనాటకం వాళ్లకు కష్టం. చివరి వరసకు వినిపించాలన్న అలవాటు కెమెరా ముందు అరుపులా ఉంటుంది. ఎదుటివాడు చేయి చాపితే అందేంత దూరంలో ఉంటే ఎంత గొంతు కావాలో అంతే వాడండి. క్లోజప్‌లో ఎదుటివాడి రెండు కళ్ల మధ్య చూపు తిప్పితే మన కళ్లు తడబడినట్టు కనిపిస్తాయి. కెమెరాకు దగ్గరున్న కన్నొక్కటే చూడాలి. నేల మీద టేపు గుర్తు దగ్గర ఆగమంటే తల దించి వెతక్కండి. ముందే ఆ గుర్తు మీద నిలబడి, అడుగులు లెక్కబెడుతూ వెనక్కి నడిచి మొదలుపెట్టే చోటు చూసుకోండి.

అతికించే మీసం మన మే నెల ఎండకు ఊడుతుంది. పెదవి పైన చెమట, నూనె పూర్తిగా తుడవకుండా స్పిరిట్ గమ్ (మీసం అంటించే జిగురు) రాయడమే కారణం. పల్చగా రాసి, వేలికి జిగురు తగిలేదాకా ఆగి, అప్పుడు మీసం అద్ది తడిగుడ్డతో నొక్కాలి. తడి గమ్ మీదే పెడితే జారుతుంది.

తిరుపతిలో ఉన్నవాళ్లకు ఇంకో జాగ్రత్త. కొండమీద తలనీలాల మొక్కు ఉంటే, వేషం ఒప్పుకునే ముందే తీర్చుకోండి, లేదా ప్యాచ్‌వర్క్ (మిగిలిపోయిన చిన్న షాట్లు తీయడం) అయిపోయిందని డైరెక్షన్ డిపార్ట్‌మెంట్ చెప్పేదాకా ఆగండి. షూటింగ్ పూర్తయిందన్నాక కూడా ఒక్క షాట్ కోసం మళ్లీ పిలుస్తారు. గుండు మీద విగ్గు పెడితే నుదుటి గీత దగ్గర తెలిసిపోతుంది. ఇక డబ్బింగ్. సెట్‌లో అప్పటికప్పుడు మార్చి చెప్పిన మాటలు ఆ రాత్రే రాసి పెట్టుకోండి. నెలల తర్వాత డబ్బింగ్ థియేటర్‌లో పెదాలకు మాట కుదరాలంటే ఆ కాగితమే పనికొస్తుంది.