లాంబర్ట్ గారి మట్టిపలకలు

బర్మింగ్‌హామ్‌లో చదివిన మన తెలుగువాళ్లలో ఎక్కువమంది ఇంజనీర్లు, డాక్టర్లు. నేను బాబిలోనియా (ఇప్పటి ఇరాక్‌లో ఒకప్పుడు ఉన్న ప్రాచీన రాజ్యం) గురించి చదివానంటే "అదేం కోర్సు?" అని ఇప్పటికీ అడుగుతారు. ఆ కోర్సుకు పెద్దదిక్కు డబ్ల్యూ.జి. లాంబర్ట్ గారు.

ఆయన 1926లో ఆ ఊళ్లోనే పుట్టారు. యుద్ధకాలంలో తుపాకీ పట్టడానికి మనసొప్పక, సైన్యానికి బదులు మొక్కల నర్సరీలో పనిచేశారు. కేంబ్రిడ్జ్ చదువు, అమెరికాలో జాన్స్ హాప్కిన్స్ ఉద్యోగం అయ్యాక 1964లో సొంతూరి యూనివర్సిటీకి వచ్చి, 1993లో రిటైరయ్యేదాకా అక్కడే పాఠాలు చెప్పారు.

బాబిలోనియావాళ్లు రాతకు వాడిన మట్టిపలకలంటే పెద్దపెద్దవి అనుకునేరు. చాలావరకు అరచేతిలో ఇమిడిపోతాయి, అవీ విరిగిన ముక్కలే. పచ్చిమట్టి మీద రెల్లుపుల్లతో నొక్కిన గుర్తులు కాబట్టి వెలుతురు నేరుగా పడితే సరిగ్గా ఆనవు. దీపం పక్కకు పెట్టి, ముక్కను అటూ ఇటూ వంచితే నీడల్లో తేలతాయి. పైగా ఒకే గుర్తుకు నాలుగైదు ఉచ్చారణలు. మాకు అదొక టెన్షన్. లాంబర్ట్ గారు మాత్రం బ్రిటిష్ మ్యూజియంలో దశాబ్దాల తరబడి అలాంటి ముక్కలు చదివి, చేత్తో నకళ్లు గీసుకున్నారు.

1960లో వచ్చిన ఆయన 'బాబిలోనియన్ విజ్డమ్ లిటరేచర్'లో ఒక సంవాద కావ్యం ఉంది. కష్టాల్లో కూరుకుపోయినవాడు దేవుడి న్యాయం ఇదేనా అంటాడు, స్నేహితుడు సర్దిచెబుతాడు. 27 పద్యాలు, పద్యానికి 11 పాదాలు. ఆ 11 పాదాలూ ఒకే గుర్తుతో మొదలవుతాయి. పద్యాల మొదటి గుర్తులు వరుసగా కూర్చితే కవి పేరు బయటపడుతుంది: సగ్గిల్-కీనమ్-ఉబ్బిబ్. యతిప్రాసల మధ్య పెరిగిన నాకు అది చూశాక ప్రాణం లేచొచ్చింది. విరిగిన ముక్క ఏ పద్యంలోదో పోల్చుకోవడానికీ ఆ నియమమే ఆధారం.

1969లో అలన్ మిల్లార్డ్‌తో కలిసి 'అత్రహసీస్' అనే బాబిలోనియా కావ్యాన్ని తెచ్చారు. అందులో కథ ఇదీ. ఇంకా మనుషులు పుట్టని కాలం. కాలవలు తవ్వీ తవ్వీ విసిగిపోయిన చిన్న దేవతలు పనిముట్లు తగలబెట్టి, పెద్దాయన ఎన్లిల్ ఇంటిని ముట్టడిస్తారు. అచ్చమైన సమ్మె! ఆ చాకిరీ చేయడానికే మట్టిలో ఒక దేవుడి రక్తమాంసాలు కలిపి మనిషిని తయారుచేశారట. తర్వాత మనుషుల గోలకు ఎన్లిల్‌కు నిద్ర పట్టక జలప్రళయం తెప్పిస్తాడు.

శతపథ బ్రాహ్మణంలో మనువును కాపాడిన చేప గుర్తొచ్చి, రెండు కథలకూ ముడిపెట్టేద్దామని ఉబలాటపడ్డాను. అయితే లాంబర్ట్ గారు 1965లో బైబిల్ ఆదికాండంపై రాసిన వ్యాసం చదివాక ఉత్సాహం చల్లబడింది. పేరుమోసిన సృష్టికావ్యం 'ఎనూమా ఎలిష్' బాబిలోనియా నమ్మకాలన్నిటికీ ప్రమాణం కాదని అందులో తేల్చిచెప్పారు. పలకలో ఉన్నంతవరకే మాట్లాడే ఆ పద్ధతి అప్పట్లో నాకు పిసినారితనంలా అనిపించింది. ఇప్పుడు అదే నచ్చుతుంది.

ఆ సృష్టికావ్యం మీద ఆయన ఏళ్ల తరబడి చేసిన పుస్తకం 2013లో వచ్చింది. అప్పటికి ఆయన పోయి రెండేళ్లు. దాన్ని అచ్చుదాకా నడిపించినవారిలో శిష్యుడు ఆండ్రూ జార్జ్ ఒకరు. కొత్తగా చదవాలనుకునేవాళ్లు మాత్రం ఆ లావుపాటి పుస్తకం జోలికి ముందే వెళ్లకండి, దేవతల సమ్మెతో మొదలుపెట్టండి.