కెమెరా వెనక గొంతు

మా అమ్మాయి కాలేజీలో తన గురించి తానే ఒక డాక్యుమెంటరీ తీసింది. నిడివి ఇరవై నిమిషాలు. ఇంకా పూర్తిగా ఎడిట్ చెయ్యని రఫ్ కట్ చూపిస్తే ఆశ్చర్యపోయాను. దాని మొహం ఎక్కడా లేదు, అంతా నేనే.

"ఇందులో నువ్వెక్కడున్నావే?" అన్నాను.

"నా గొంతు విను అమ్మా" అంది.

మళ్లీ చూశాను. ఒక షాట్‌లో నేను బట్టలు మడత పెడుతున్నాను. వెనక నుంచి ప్రశ్న వచ్చింది: "నువ్వు ఈ దేశం వచ్చిన కొత్తలో నీకు..." అంతే, మాట ఆగిపోయింది. దానికి కావాల్సిన తెలుగు మాట దొరకట్లేదు. ఫ్రేమ్ కొద్దిగా వణికింది. నా చేతులు కూడా ఆగాయి. "బెంగగా ఉండేదా అనా?" అని నేనే అందించాను. "ఆఁ, అదే" అంది. ఎవరైనా ఎడిటింగ్‌లో ముందు కోసేసేది ఆ తడబాటునే. మా అమ్మాయి మాత్రం ఆ ఏడు సెకన్లూ అలాగే ఉంచింది. ఇంట్లో నేను తెలుగులో అడగడం, అది ఇంగ్లీషులో చెప్పడం ఇన్నేళ్లుగా మామూలే. మాట కోసం దాని గొంతు అలా వెతుక్కోవడం మాత్రం నేనెప్పుడూ వినిపించుకోలేదు.

ఈ పని మీద అది నాకు చూపించినవాటిలో సంధ్యా సూరి 2005లో తీసిన 'ఐ ఫర్ ఇండియా' అనే డాక్యుమెంటరీ ఒకటి. 1965లో డాక్టరుగా బ్రిటన్ వెళ్లిన వాళ్ల నాన్న కెమెరాలు, ప్రొజెక్టర్లు, టేప్ రికార్డర్లు రెండేసి కొని, ఒక సెట్టు ఇండియాలో ఇంటికి పంపారు. ఉత్తరాలకు బదులు రీళ్లు అటూ ఇటూ తిరిగాయి. వాటితోనే కూతురు సినిమా కూర్చింది. బెల్జియం దర్శకురాలు షాంతాల్ ఆకెర్మాన్ 'న్యూస్ ఫ్రమ్ హోమ్'లో అయితే న్యూయార్క్ వీధుల దృశ్యాల మీద వాళ్లమ్మ రాసిన ఉత్తరాలు తనే చదువుతుంది. కార్లు, రైళ్ల చప్పుడులో చాలాచోట్ల ఆ గొంతు మునిగిపోతుంది. తల్లీ కనపడదు, కూతురూ కనపడదు. నాకు మాత్రం ఇద్దరూ అక్కడే ఉన్నట్టు అనిపించింది.

ఒక్క షాట్ దగ్గర మాకు మాటా మాటా వచ్చింది. మా అమ్మకి ఫోన్లో "అంతా బాగానే ఉన్నాం" అని చెప్పి పెట్టేశాక నా మొహం. బాగాలేని రోజు అది. తీసెయ్యమన్నాను.

"ఫోన్ పెట్టేశాక నీ మొహం చూస్తూనే కదమ్మా నేను పెరిగింది" అంది.

నాకు నోట మాట రాలేదు. కానీ ఆ అబద్ధం నేను చెప్పింది మా అమ్మకి. ఇలా తెరమీద చూసి తెలుసుకోవడం ఆవిడకి న్యాయం కాదు. సొంత కథే అయినా అందులో పక్కవాళ్ల బతుకూ ఉంటుంది, వాళ్లని అడగాల్సిందే అన్నాను. చాలాసేపు ఆలోచించి, కాలేజీలో ఇచ్చేలోపు అమ్మమ్మకి చూపిస్తానని, ఆవిడ వద్దంటే తీసేస్తానని ఒప్పుకుంది.

సినిమాకంటే ముందు ఆ రోజు సంగతి మా అమ్మకి నేనే చెప్పాలి. ఇవాళ రాత్రి ఫోన్ చేస్తాను. కెమెరా పెట్టుకోనా అని అడిగింది అమ్మాయి. వద్దు, పక్కన కూర్చో అన్నాను.