తెప్ప మీద తిరగని తల

హైదరాబాద్‌లో పనిచేసే మా తమ్ముడు సంక్రాంతికి బరంపురం వస్తూ వీఆర్ హెడ్‌సెట్ తెచ్చాడు, కళ్ళకి బిగించుకుంటే వీడియో లోపలే ఉన్నట్టు చుట్టూ కనిపించే డబ్బా. మూడు రోజులు పిల్లలు దానికోసం కొట్టుకున్నారు. నాలుగో రోజు తాత వంతు. కళ్ళద్దాలు తీసి, ఆ డబ్బా మొహానికి బిగించి, సముద్రం అడుగున తాబేళ్ళ వీడియో పెట్టాను.

"ఏటే, నా కాళ్ళేవి?" అన్నాడు ముందు. నిజమే. కిందికి చూస్తే ఇసుకే, మనం ఉండం.

రెండు నిమిషాలకే వాంతి. నాకు ఒకటే టెన్షన్. నలభై ఏళ్ళు తెప్ప మీద వేటకెళ్ళిన మనిషి, ఏనాడూ తల తిరగలేదంటాడు! తమ్ముడేమో, కళ్ళు కదులుతున్నామంటాయి, లోపలి చెవి కూర్చునే ఉన్నామంటుంది, ఆ తగువు కడుపు మీదికొస్తుందన్నాడు. తెప్ప మీదైతే కన్నూ ఒళ్ళూ కెరటంతో కలిసే ఊగుతాయి మరి.

తేరుకున్నాక తాత అడిగాడు: "ఇందులో పొడంపేట ఉందేట్రా?"

అది ఒడిశాలో ఋషికుల్య నది సముద్రంలో కలిసే మొగ దగ్గర మా ఊరు. కెరటాలు ఇళ్ళని కోసుకుపోయాయి. తమ్ముడు ఎంత వెతికినా దొరకలేదు. ఆలివ్ రిడ్లీ తాబేళ్ళవి మాత్రం బోలెడు. ఆ తీరంలో అవి గుంపులుగా గుడ్లు పెట్టడం 1994లో శాస్త్రవేత్తల కళ్ళబడిందని చదివి వినిపిస్తే తాత నవ్వాడు. "అందాకా మేం కళ్ళు మూసుకున్నామా?"

తాబేళ్ళ కోసం ఏటా నవంబర్ 1 నుంచి మే 31 దాకా అక్కడ తీరం నుంచి 20 కిలోమీటర్ల లోపు వేట బంద్. తాతకి వాటి మీద కోపం లేదు, దేవుడి అవతారం అంటాడు. గుడ్లలోంచి రాత్రిపూట బయటికొచ్చిన పిల్లలు వెలుతురున్న వైపు పాకుతాయి. చీకట్లో సముద్రమే కాస్త తెల్లగా ఉంటుంది కదా. కరెంటు దీపాలొచ్చాక దారి తప్పి రోడ్డెక్కుతున్నాయి. ఊరి కుర్రాళ్ళు బకెట్లలో ఏరుకొచ్చి నీళ్ళలో వదులుతుంటారు.

"ఆ డబ్బా తీరానికి పట్టుకెళ్ళకండి, అవి దీని వెనకే పోతాయి," అన్నాడు తాత.

తాబేళ్ళని తీయడానికి కెమెరాలొచ్చాయి, మా ఇళ్ళ కోసం ఎవరూ రాలేదు. నేనూ తీయలేదు. ఫోన్ జేబులోనే ఉండేది.

సాయంత్రం కళ్ళద్దాలు లేకుండానే తాత కుర్చీలో అటూ ఇటూ తిరుగుతూ చెయ్యి చాపాడు. "ఇక్కడ బావి. ఇటు అమ్మోరి గుడి. ఈ పక్కన వలలారేసేవోళ్ళం."

చెయ్యి తగలకుండా తమ్ముడు టీ గ్లాసు పక్కకి జరిపాడు.