నా డేటాతో నా బొమ్మ వేసుకున్నా

నిఘా మీద ఆర్ట్ అనగానే చాలామంది సీసీ కెమెరా బొమ్మో, పిక్సెల్స్ పడ్డ మొహమో వేస్తారు, నాకది ఎప్పుడూ ఎక్కలేదు. నన్ను చూస్తున్న మెషీన్ దగ్గర నా బొమ్మ ఎలా ఉందో అది కావాలి నాకు. అందుకే వాడే యాప్‌లన్నిట్లో నా డేటా నాకివ్వండి అని రిక్వెస్ట్ పెట్టా. యూరప్‌లో 2018లో జీడీపీఆర్ అనే డేటా రక్షణ చట్టం అమల్లోకి వచ్చాక ఈ ఆప్షన్ చాలా వాటిల్లో ఉంటోంది, కాకపోతే సెట్టింగ్స్‌లో ఎక్కడో అడుగున. ఒకళ్లయితే నేను నేనేనని నిరూపించుకోడానికి ఐడీ కార్డు పట్టుకుని సెల్ఫీ పంపమన్నారు, అంటే వాళ్ల దగ్గర నా గురించి ఏముందో చూసుకోవాలంటే ముందు ఇంకాస్త ఇచ్చుకోవాలన్నమాట!

లొకేషన్ ఫైల్ తెరిస్తే ఊళ్ల పేర్లేం ఉండవు. అక్షాంశం, రేఖాంశం కోటితో గుణించి పెట్టిన పొడుగాటి అంకెలు, పక్కన టైమేమో 1970 జనవరి 1 నుంచి లెక్కేసిన మిల్లీసెకన్లు. విప్పుకుంటూ తెల్ల కాగితం మీద చుక్కలు పెడుతూ పోతే మ్యాప్ అక్కర్లేకుండానే నా ఇల్లేదో తేలిపోయింది, రాత్రి చుక్కలన్నీ ఒక్కచోటే గుట్టపడ్డాయి మరి. యాడ్స్ కోసం రాసుకున్న లిస్టులో మాత్రం నాకు కార్లంటే పిచ్చి అని ఉంది, నాకు డ్రైవింగే రాదు.

అసలు మజా మొహం దగ్గర. డీలిబ్ అని ఫ్రీగా దొరికే సాఫ్ట్‌వేర్ లైబ్రరీ ఉంది, మొహాన్ని 128 అంకెలుగా మార్చేస్తుంది, రెండు ఫొటోల అంకెల మధ్య దూరం 0.6 కన్నా తక్కువుంటే ఒకే మనిషి అని లెక్క. నా ఫొటో, మా చెల్లి ఫొటో పెడితే 0.6 లోపే వచ్చింది. నా ఇప్పటి ఫొటో, నా చిన్నప్పటి ఫొటో పెడితే దాటిపోయింది. అంటే మా చెల్లి నేనే, చిన్నప్పటి నేను మాత్రం ఎవరో. ఇద్దరం పగలబడి నవ్వాం. కానీ ఇలాంటి లెక్కతోనే ఎక్కడో ఒకర్ని ఆపి ప్రశ్నిస్తారు కదా అనుకుంటే నవ్వు ఆగిపోయింది. జాయ్ బులామ్‌వినీ, టిమ్నిట్ గెబ్రూ అనే పరిశోధకులు 2018లో మొహం చూసి ఆడో మగో చెప్పే కంపెనీల సాఫ్ట్‌వేర్లని పరీక్షిస్తే, తెల్లగా ఉన్న మగవాళ్ల విషయంలో తప్పులు 0.8 శాతం దాటలేదు, ముదురు రంగు ఆడవాళ్ల దగ్గర 34.7 శాతం దాకా వెళ్లాయి.

హసన్ ఇలాహీ అనే ఆర్టిస్టుని 2002లో ఎఫ్‌బీఐ అనుమానించి ప్రశ్నించింది, ఆ తర్వాత ఆయనే ఎక్కడున్నాడో ఏం తిన్నాడో ఫొటోలు తీసి అందరికీ పెట్టేయడం మొదలెట్టాడు. నేనూ అలా అంతా బయట పెట్టేద్దామనుకున్నా, కానీ నా చుక్కల్లో ఫ్రెండ్స్ ఇళ్లున్నాయి, వాళ్లని నేనేమీ అడగలేదు. అందుకని అక్షాంశ రేఖాంశాల్ని పాయింట్ తర్వాత రెండంకెలకి కుదించేశా, అప్పుడు ఒక్కో చుక్క అసలు చోటు నుంచి దాదాపు కిలోమీటరు దాకా జరగొచ్చు. చెల్లి తన మొహం వద్దు, అంకెలైతే పెట్టుకో అంది.

చివరికి మూడు ప్రింట్లు చేశా, నేను, చెల్లి, చిన్నప్పటి నేను. ఒక్కోదాంట్లో 128 బూడిద రంగు గళ్లు, అంకె పెద్దదైతే ముదురు, అంతే. షోకి లైవ్ కెమెరా పెట్టి వచ్చినవాళ్ల మొహాలు కూడా స్కాన్ చేద్దాం, జనం ఎగబడతారు అన్నారు ఆర్గనైజర్లు. నేను ఒప్పుకోలేదు, అది చేస్తే నిఘా పెట్టేది నేనే అవుతా. సందడి తగ్గుతుందన్నారు, తగ్గితే తగ్గనీ.